గొళ్ళెం బయటివైపు

గిరిజకి శనివారం సెలవు దొరకడమే గగనం. హాస్పిటల్లో రోటా వేసే మనిషికి ఈవిడంటే ఏం కోపమో గాని, పండగైనా పబ్బమైనా వారాంతం డ్యూటీ మాత్రం తప్పేది కాదు. అలాంటిది డిసెంబర్లో ఒక శనివారం ఖాళీ చిక్కింది. హాయిగా ముసుగు తన్ని పడుకోవచ్చు కదా! లేదు. కూతుర్ని వెంటేసుకుని యుద్ధకాలం నాటి సొరంగం చూడ్డానికి బయల్దేరింది. సంజనకి స్కూల్లో రెండో ప్రపంచయుద్ధం పాఠం నడుస్తోంది. ఏదైనా చూసొచ్చి క్లాసులో చెప్పమని టీచర్ పురమాయించింది. పిల్ల అడిగింది, తల్లి కాదనలేకపోయింది. అంతే సంగతి.

భర్త శ్రీకర్ రాలేదు. ఆ వారం ఆఫీసువాళ్ళు అతన్ని ఆన్-కాల్లో పెట్టారు. లాప్‌టాప్ చంకలో పెట్టుకునే ఫ్లాట్ గుమ్మం దాకా వచ్చి నిలబడ్డాడు.

"బై డాడ్, వీ ఆర్ గోయింగ్," అంది సంజన బూట్లు తొడుక్కుంటూ. తొమ్మిదేళ్ళ పిల్ల. ఎడిన్‌బర్గ్‌లోనే పుట్టి పెరిగింది. తెలుగులో ఏం చెప్పినా అర్థమవుతుంది గాని, నోట్లోంచి ఒక్క ముక్క రాదు.

"వెళ్తున్నాం అనకూడదని ఎన్నిసార్లు చెప్పానే! వెళ్ళొస్తాం అనాలి," అని కసిరింది గిరిజ.

"వై?"

"వెళ్ళినవాళ్ళు తిరిగి రావాలి గనక. ఎక్కణ్ణుంచి బయల్దేరినా అలాగే అంటాం. ఒక్క చావింట్లో తప్ప. అక్కడ ఏమీ చెప్పకూడదు. నోరు మూసుకుని లేచి వచ్చెయ్యాలి."

"వాట్ హాపెన్స్ ఇఫ్ యూ సే ఇట్?"

"ఏమవుతుందో నాకేం తెలుసు? మా అమ్మమ్మ నాకు చెప్పింది, నేను నీకు చెప్తున్నా. పద పద, బస్సు పోతుంది."

సముద్రం పక్కనే సాగే రోడ్డు మీద గంటసేపు బస్సు. దిగింది చిన్న రేవు ఊళ్ళో. నాలుగు పడవలు, రెండు చిప్స్ దుకాణాలు, ఊరి నెత్తిన ఒక రాతి కొండ. ఆ కొండ కడుపులోనే షెల్టర్ ఉంది. బాంబులు పడే రోజుల్లో ఊరు ఊరంతా అందులో దూరి ప్రాణాలు దక్కించుకున్నారట.

సగంరోజు టూర్. చలికాలం గనక జనం లేరు. వీళ్ళిద్దరూ, గ్లాస్గో నుంచి వచ్చిన ఓ ముసలి దంపతులూ, అంతే. చూపించేవాడి పేరు ఆలిస్టర్. యాభై దాటి ఉంటాయి. ఎర్రటి మొహం, పెద్ద గొంతు, కబుర్ల పోగు. అతని ఇంగ్లీషు యాస గిరిజకి హాస్పిటల్లో అలవాటైందే గనక ఇబ్బంది లేకపోయింది. రాగానే అందరికీ టీ పోశాడు. సంజనకి రెండు బిస్కెట్లు ఎక్కువ ఇచ్చి కన్నుగీటాడు. మంచివాడే. ఆ మాట ఇప్పుడే చెప్పెయ్యాలి, తర్వాత చెప్పడానికి వీలుండదు.

గోడ మీద ఇనప హెల్మెట్ ఒకటి, దాని పక్కన ఫోటో ఒకటి వేలాడుతున్నాయి. "మా తాత," అన్నాడు ఆలిస్టర్ ఛాతీ విరిచి. "ఈ షెల్టర్‌కి వార్డెన్. రేవు మీద బాంబులు పడ్డ రాత్రి సముద్రపు గోడ పగిలి కింది గదిలోకి నీళ్ళు తన్నుకొచ్చాయి. మా తాత ఇనప తలుపు వేసేసి నీళ్ళని ఆపాడు. లోపలున్న మా ఊరివాళ్ళు ఒక్కరు కూడా పోలేదు."

ముసలాయన చప్పట్లు కొట్టాడు. గిరిజ కూడా మర్యాదకి కొట్టింది.

కొండ మీద ఫిరంగి దిమ్మ చూశారు. గాలి చెంపలు వాయించింది. ఆ దేశంలో డిసెంబరు పొద్దు సంగతి తెలిసిందే, మధ్యాహ్నం కాఫీ తాగేలోపు చీకటి పడడం మొదలెడుతుంది. సొరంగం నోటి దగ్గరికి వచ్చేసరికే ఆకాశం బూడిదరంగుకి తిరిగింది. సంజన చేతులకి ఎర్ర ఉన్ని గ్లవ్స్ తొడిగి, ఒక చెయ్యి గట్టిగా పట్టుకుంది గిరిజ. తన రెండో చేతిలో స్టీలు మంచినీళ్ళ సీసా. డ్యూటీకి వెళ్ళినా, గుడికి వెళ్ళినా ఆవిడ చేతిలో ఆ సీసా ఉండాల్సిందే.

లోపల తడిరాయి వాసన. తుప్పు వాసన. ఇంకొంచెం కిందికి దిగేసరికి ఉప్పునీళ్ళ వాసన. పైకప్పు నుంచి ఎక్కడో ఒక్కొక్క చుక్కే పడుతున్న చప్పుడు. గోడకి అక్కడక్కడ బల్బులు, అవి వెలుగుతున్నాయో కునుకుతున్నాయో తెలీదు. గోడ పొడుగునా చెక్క బెంచీలు. చిట్టచివర, బెంచీల వెనక, ఇనప తలుపు. తలుపుకి మొహం ఎత్తున చిన్న కిటికీ లాంటి కంత. ముంజేయంత గొళ్ళెం.

గొళ్ళెం బయటివైపు ఉంది.

గిరిజకి అది వింతగా తోచింది. దాక్కునేవాళ్ళు గొళ్ళెం లోపల పెట్టుకుంటారు గాని బయట పెట్టుకుంటారా? ఉండబట్టలేక అడిగేసింది.

"అదా? స్టోర్ రూమ్," అన్నాడు ఆలిస్టర్. "నీళ్ళొచ్చింది దాంట్లోకే. రేవులో ఆగిన ఓడల మీది పరదేశీ కళాసీలకి ఇచ్చేవాళ్ళని కొందరంటారు. ఆ రాత్రి మాత్రం ఖాళీయే. దేవుడి దయ."

చెప్తున్నప్పుడు అతను తలుపు వైపు చూడలేదు. అంతదాకా ప్రతి మేకునీ వేలు పెట్టి చూపించిన మనిషి! గిరిజ అది గమనించింది, కానీ పట్టించుకోలేదు. ఆవిడకి సంజన ముక్కు కారుతోందన్న దిగులొకటి.

"ఇప్పుడు అసలు ముచ్చట," అన్నాడతను. "లైట్లు తీసేస్తాను. సైరన్ వేస్తాను. ఆ రోజుల్లో ఎలా కూర్చునేవాళ్ళో ఒక్క నిమిషం మీరే చూడండి."

టక్.

చీకటి. కళ్ళు తెరిచినా మూసినా ఒకటే. సైరన్ మొదలైంది... పైకి లేచి, కిందికి పడి, మళ్ళీ లేచి. సంజన వేళ్ళు గిరిజ అరచేతిలో బిగుసుకున్నాయి. అప్పుడు, ఎడమ చెవి పక్కన...

"తల్లీ... కాసిని మంచినీళ్ళున్నాయేటి?"

ముసలి గొంతు. తెలుగు. అదీ ఉత్తరాంధ్ర తెలుగు!

గిరిజకి భయం వెయ్యలేదు. ఎందుకేస్తుంది? ఎవరో పెద్దాయన తర్వాతి బస్సుకి వచ్చి వెనకాల చేరాడనుకుంది. తెలుగువాళ్ళు లేని చోటు ఈ దేశంలో ఉందా? పైగా దాహమన్నవాడికి లేవనడం ఆవిడ ఎరగదు. "ఉన్నాయి బాబూ, తీసుకోండి," అని సీసా గొంతు వైపు చాపింది. వేళ్ళేవో సీసా అందుకున్నాయి. ఆ వేళ్ళు తడిగా, చల్లగా ఉన్నాయి. పాపం చలికి కొంకర్లు పోయినట్టున్నాడు అనుకుంది.

"ఏ ఊరు బాబూ మనది?"

"బీవిలి."

గిరిజ ప్రాణం లేచొచ్చింది. "అయ్యో, మాదీ భీమిలే! లైట్‌హౌస్ పక్క వీధి."

"నీ మాట ఇంటేనే తెలిసింది. ఎన్నేళ్ళయినాదో... మన మాట ఇని."

"ఒక్కరే వచ్చారా?"

"అందరం ఉన్నాం. ఎనకాల." గటగటా తాగుతున్న చప్పుడు. ఎంతసేపటికీ ఆగలేదు. తర్వాత, చాలా మెల్లగా: "ఆ గుంట నీదేనా?"

"ఆఁ, మా అమ్మాయే."

సైరన్ ఆగిపోయింది. స్విచ్చి టకటకమంది గాని లైట్లు రాలేదు. ఆలిస్టర్ విసుక్కుని టార్చి వెలిగించాడు. "పాత వైరింగ్. నా వెనకే రండి, పైకి వెళ్దాం."

గిరిజ చీకట్లోకి తిరిగి, పుట్టి బుద్ధెరిగిన నాటి నుంచి అన్నట్టే అంది: "వెళ్ళొస్తాం బాబూ."

"రా తల్లీ," అంది గొంతు. "ఎదురుసూత్తాం. మాట తప్పకు."

టార్చి వెలుగు ఒక్కసారి అటు తిరిగింది. బెంచీ ఖాళీ. దాని వెనక ఇనప తలుపు. గొళ్ళెం వేసే ఉంది. తలుపు కంతలోంచి నీళ్ళు ఒక ధారగా కారుతున్నాయి. మనిషి లేడు. సీసా లేదు.

గిరిజ ఇంకోసారి చూడలేదు. సంజన చెయ్యి పట్టుకుని టార్చి వెనకాల నడిచింది. పక్కపక్కన నడిచే చోటు లేదు. ముందు తను, వెనక పిల్ల.

"భయమేసిందా అమ్మా?" అంది వెనక్కి తిరక్కుండానే.

గ్లవ్ లోని చెయ్యి ఒక్కసారి నొక్కింది. అవునన్నట్టు.

"అయిపోయిందిలే. పైకెళ్ళి చిప్స్ తిందాం."

మళ్ళీ నొక్కింది... ఈసారి గట్టిగా. మరీ గట్టిగా. పిల్లకి అంత బలమెక్కడిది అనుకుంది గిరిజ. బయటి వెలుగు మొహాన పడింది. అప్పుడు తిరిగి చూసింది.

చేతిలో ఎర్ర గ్లవ్ ఒకటే ఉంది. దాన్నిండా సముద్రపు నీళ్ళు.

గిరిజ పెట్టిన కేకకి రేవు మీది పక్షులన్నీ లేచాయి. ముసలి దంపతులు ఎక్కడివాళ్ళక్కడ నిలబడిపోయారు. ఆలిస్టర్ మొహంలో ఎరుపు దిగిపోయింది. "లోపలే ఉంటుంది. ఇంకో దారి లేదు. రండి," అని టార్చితో లోపలికి పరిగెత్తాడు. గిరిజ అతని వెనకాల పరిగెత్తింది. అప్పుడు తెలిసింది ఆవిడకి. తనన్న మాట, ఆ గొంతు పట్టుకున్న మాట. వెళ్ళొస్తాం. చావింట్లో నిలబడి, చచ్చినవాళ్ళతో, తిరిగొస్తానని మాటిచ్చి వచ్చింది. ఆ మాట రాబట్టుకోడానికి వాళ్ళు పిల్లని తాకట్టు పెట్టుకున్నారు.

సొరంగం ఇందాకటి కన్నా చల్లగా ఉంది. బెంచీలు దాటారు. ఇనప తలుపు. గొళ్ళెం వేసే ఉంది.

తలుపు అవతల నుంచి... "మమ్?"

"సంజూ!" గిరిజ తలుపు మీద పడిపోయింది. "సంజూ, నేనొచ్చానమ్మా!"

"మమ్, ఇట్స్ వెట్. దే వోంట్ లెట్ గో."

ఆలిస్టర్ చెయ్యి గొళ్ళెం దాకా వెళ్ళి ఆగిపోయింది. "బయటి నుంచి గొళ్ళెం వేసున్న గదిలోకి... పిల్ల ఎలా వెళ్ళింది?" అతని పెద్ద గొంతు ఏమైపోయిందో. "ఈ తలుపు మేము తియ్యం. మా నాన్న కూడా తియ్యలేదు."

కంతలోంచి ఉప్పు వాసన గుప్పున కొట్టింది. దానితో పాటు గొంతు.

"మాట నిలబెట్టుకున్నావు. మంచిదానివి."

"నా పిల్లని ఇచ్చెయ్యండి బాబూ. మీ కాళ్ళు పట్టుకుంటా."

"ఇచ్చేత్తాం. నీళ్ళిచ్చిన తల్లివి, నీ ఉసురు మాకెందుకు? నీళ్ళు మోకాలు దాకా వొచ్చినప్పుడే తలుపు కొట్టినాం. ఇంగిలీసులో బతిమాలినాం, మన మాటలో ఏడిసినాం. ఈ పక్కనే నిలబడ్డాడు ఆడు. బూట్ల సప్పుడు ఇనిపించింది. తియ్యలేదు." వెనకాల ఇంకెన్నో గొంతులు, ఏడుస్తున్నాయో, నవ్వుతున్నాయో. "ఆడు సచ్చిపోనాడు. ఆడి నెత్తురు నీ పక్కనే ఉంది. ఆడి సేతే తీయించు. ఆణ్ణి లోపలికి అంపు. గొళ్ళెం నువ్వెయ్యి."

"ఎవరు? ఏమంటున్నారు?" ఆలిస్టర్ గిరిజ భుజం పట్టుకున్నాడు. "అది మీ భాషేనా? ఏం కావాలట వాళ్ళకి?"

గిరిజ అతని కళ్ళలోకి చూసింది. "ఆ రాత్రి ఈ గది ఖాళీయేనా?" అంది.

పైనుంచి ఒక చుక్క పడింది. ఇంకో చుక్క పడింది.

"మా తాత చివరి రోజుల్లో చెప్పాడు," అన్నాడు గుసగుసగా. "తెల్లారేదాకా కొట్టారట. నీళ్ళ చప్పుడనుకున్నానని అనేవాడు. నీళ్ళు తలుపు కొట్టవు కదా... నాకు తెలుసు. కానీ ఏం చెయ్యను? ఊరంతా ఆయన్ని దేవుడంటుంది."

తెలుసట! తెలిసీ రోజూ టీ పోసి, హెల్మెట్ చూపించి, చప్పట్లు కొట్టించుకుంటున్నాడు. భీమిలి రేవులో పడవెక్కి పొట్ట చేతపట్టుకొచ్చిన మనుషులు ఇక్కడ ఎలకల్లా మునిగిపోతే, 'ఖాళీయే, దేవుడి దయ' అంటున్నాడు. గిరిజ గుండెల్లో ఏదో భగ్గుమంది. అంతదాకా ఉన్న వణుకు ఎటు పోయిందో పోయింది.

"ఏమంటున్నారు?" అని మళ్ళీ అడిగాడు.

"పిల్లకి చీకటంటే భయం," అంది గిరిజ తొణక్కుండా. "టార్చి పట్టుకుని మీరొచ్చి తీసుకెళ్ళమంటున్నారు."

అతను తలూపాడు. బిస్కెట్లిచ్చిన చేత్తోనే గొళ్ళెం లాగాడు. అన్నేళ్ళ తుప్పు కిర్రుమనాలి. అనలేదు. నూనె రాసినట్టు జారింది. తలుపు తెరుచుకుంది. లోపల నల్లటి నీళ్ళు, కదలకుండా. ఆలిస్టర్ ఒక మెట్టు దిగాడు. ఇంకో మెట్టు... మోకాళ్ళ దాకా. టార్చి వెలుగు నీళ్ళ మీద వణికింది.

"ఇదిగో, కనిపించింది! రా అమ్మా, రా..."

చీకట్లోంచి చిన్న చెయ్యి వచ్చి గిరిజ కొంగులాంటి స్కార్ఫ్ పట్టుకుంది. ఈసారి ఆవిడ మోసపోదలుచుకోలేదు. చెయ్యి తడిమింది. గ్లవ్ లేదు, వెచ్చగా ఉంది. మొహం తడిమింది. ఊడిన పన్ను సందు, చెవికి అమ్మమ్మ పెట్టిన పోగు. సంజనే. గిరిజ పిల్లని గుండెలకి అదుముకుని వెనక్కి లాగింది.

పిల్ల బయటికొచ్చేసింది. అక్కడితో వదిలెయ్యొచ్చు. తలుపు తెరిచి పెట్టి పరిగెత్తొచ్చు. ఆవిడ చెయ్యి ఎవరూ పట్టుకోలేదు, ఎవరూ నెట్టలేదు. ఆ సంగతి గిరిజకి ఆ క్షణంలోనే తెలుసు.

తలుపు మూసింది. గొళ్ళెం వేసింది.

హాయిగా అనిపించింది. ఎన్నో ఏళ్ళుగా మోస్తున్నదేదో దించినట్టు. ఆ హాయి తనదో, వాళ్ళదో తెలియలేదు.

మొదట మర్యాదగా తట్టాడు. పొరుగింటి తలుపు తట్టినట్టు. "హలో? తలుపు పడిపోయినట్టుంది..." తర్వాత పిడికిలితో. తర్వాత రెండు చేతులతో. టార్చి ఆరిపోయింది కాబోలు, కంతలోంచి వెలుగు పోయింది. నీళ్ళు కదిలాయి. అతని అరుపు ఒకటి లేచి, మధ్యలో నీళ్ళు మింగినట్టు తెగిపోయింది... తలుపు మీద చేతుల చప్పుడు మాత్రం ఆగలేదు. అవి రెండు చేతులు కావు.

గిరిజ పళ్ళు బిగపట్టింది. ఈసారి ఒక్క మాట అనలేదు. వెళ్తున్నాననలేదు, వస్తాననలేదు. చావింట్లోంచి లేచినట్టు లేచి, నోరు మూసుకుని, పిల్లని చంకనేసుకుని, చీకట్లో గోడ తడుముకుంటూ పైకి నడిచింది.

బయట పూర్తిగా చీకటి పడింది. ముసలావిడ ఎదురొచ్చి పిల్ల తల నిమిరింది. "దొరికిందా తల్లీ! ఆలిస్టరేడి?"

"తాళాలేసుకుని వస్తానన్నారు," అంది గిరిజ. ఆ అబద్ధం ఎంత సులువుగా వచ్చిందో ఆవిడకే ఆశ్చర్యమేసింది.

బస్టాప్ లైటు కనిపిస్తోంది. నాలుగు అంగలు వేస్తే చాలు. ఈ ఊరు మొహం ఇక చచ్చినా చూడనని ఒట్టేసుకుంది. పిల్లని దించి, తడిసిన జుట్టు వెనక్కి తోసింది. "పద సంజూ. ఇంటికెళ్దాం."

సంజన కదల్లేదు. సొరంగం వైపు తిరిగి నిలబడింది. దాని చేతిలో స్టీలు సీసా ఉంది. ఎప్పటి నుంచి ఉందో గిరిజ చూడలేదు. ఇంగ్లీషు తప్ప నోట పలకని పిల్ల, ఒక్క అక్షరం తడబడకుండా, గిరిజ ఇంట్లో ఎవరూ మాట్లాడని యాసలో అంది.

"ఎల్లొత్తాం తాతా."

కింద, ఎక్కడో కొండ కడుపులో, చేతుల చప్పుడు ఠక్కున ఆగిపోయింది. ఆ నిశ్శబ్దంలోంచి జవాబొచ్చింది. గొంతు ఆలిస్టర్‌ది. ఆ పెద్ద గొంతే, పొద్దున్న టీ తాగమన్న గొంతే. మాట మాత్రం భీమిలి రేవుది.

"రా తల్లీ. ఎదురుసూత్తాం."